ఇరవై అయిదో కాయ

మొన్న విత్తనానికి శనక్కాయలు ఒలుస్తూ కూర్చున్నాను. ఎదురుగా మా చెల్లెలు. కబుర్ల మధ్య నా చేయి తనంతట తానే చాటలో కాయల్ని ఒక్కొక్కటే పక్కకు జరుపుతూ పోయి, ఇరవై అయిదు దగ్గర ఆగింది. తలెత్తి చూస్తే చెల్లెలు ఒలవడం ఆపి నా చేతినే చూస్తోంది. అప్పుడది అన్న మాట కోసమే ఇది రాస్తున్నాను. నేను చదివింది అయిదో తరగతి. ఉత్తరాలు తప్ప ఏమీ రాసినదాన్ని కాదు, తప్పులుంటే సర్దుకోండి.

మా చెల్లెలు పదివేల మీటర్లు పరిగెత్తేది. వీపు మీద దేశం పేరున్న బనియను వేసుకుని రెండుసార్లు సముద్రం దాటి పోయి వచ్చింది. ఆ పరుగంతా కదిరి అవతల మా ఊరి చెరువులో నేర్చుకున్నదే. చెరువంటే నీళ్ళుంటాయనుకునేరు. నాకు బుద్ధి తెలిసినప్పటి నుంచీ అందులో ఉన్నవి తుమ్మచెట్లు, నెర్రెలిచ్చిన బంకమట్టి. నాయన బావి మోకుతో కొలిచి, తాడిపత్రి లారీవాళ్ళను అడిగి తెచ్చిన బండల పొడితో నాలుగు వందల మీటర్ల గీత గుండ్రంగా గీశాడు. ఒక్క ఏడు మాత్రం వాన కురిసి చెరువు నిండింది. ఊరంతా కట్ట మీదికొచ్చి నీళ్ళకు దండం పెడుతుంటే, చెల్లెలు మాత్రం మునిగిపోయిన గీత కోసం ఏడ్చింది. నాయన ఎటూ తేల్చుకోలేక తలగుడ్డ విప్పి మళ్ళీ చుట్టుకున్నాడు.

పదివేలంటే ఇరవై అయిదు రౌండ్లు. పది దాటితే పరిగెత్తేవాళ్ళ తలలో లెక్క నిలవదట. నన్ను ఊళ్ళోనే ఇచ్చారు కాబట్టి లెక్కపెట్టే పని నా మీద పడింది. నా తలలో మాత్రం ఏం నిలుస్తుంది? అందుకని ఒడిలో ఇరవై అయిదు శనక్కాయలు పోసుకుని, అది నా ముందు నుంచి పోయినప్పుడల్లా ఒకటి నేల మీద పెట్టేదాన్ని. ఒడి ఖాళీ అయితే పరుగు అయిపోయినట్టు. మొదటిరోజే అది వాచీ చూసుకుని గంతులేసింది, ఇంత తొందరగా ఎప్పుడూ ముగించలేదని. నాయనకు అనుమానమొచ్చి నేల మీది కాయలు లెక్కపెడితే ఇరవై మూడే. మిగిలిన రెండూ నేను తెలియకుండా తినేశాను.

"నీ చెల్లెలి పరుగును నమిలి మింగినావు గదమ్మే," అన్నాడు నాయన. అప్పటి నుంచి తినబుద్ధి కాకుండా పుచ్చిపోయిన కాయలే ఏరి పెట్టుకునేదాన్ని.

అట్లా పదేళ్ళు. అది బెంగుళూరు క్యాంపుకు పోవడం, సెలవులకు రావడం, వచ్చిన మరునాడే చెరువులోకి దిగడం. విమానమెక్కి అంత దూరం పోయినా అక్కడా అదే గుండ్రం. ఆ దేశం ఎట్లుందని అడిగితే కాసేపు ఆలోచించి, "ఎర్రగా ఉండాది," అంది. పాపం, అది ట్రాకు తప్ప ఏమీ చూడలేదు. ఏడాదికేడాది దాని ముఖం ఎండిపోతూ వచ్చింది. నిద్రలో కూడా కాళ్ళు కదిలేవి. చివరికి మోకాలు చెడింది.

రెండేళ్ళు మందులు వాడాక కోచ్ సారు ఫోనులో తెగేసి చెప్పాడట, ఇన్ని నిమిషాల్లో ముగిస్తేనే క్యాంపుకు రమ్మని. ఆ పొద్దున మళ్ళీ నేనే ఒడి పట్టుకుని కూర్చున్నాను. పద్దెనిమిదో కాయకే అది కుంటడం మొదలుపెట్టింది. ఇరవై మూడో కాయ నేల మీద పెట్టేసరికి దాని ముఖంలో నెత్తురు చుక్క లేదు. ఒడిలో ఇంకా రెండున్నాయి. ఒకటి పిడికిట్లో దాచి, "ఇంగొక్కటే పాపా," అన్నాను.

అది ఆ ఒక్కటీ తిరిగొచ్చి, వాచీ నొక్కి, మట్టిలో వెల్లకిలా పడింది. సారు అడిగిన టైము వచ్చింది. నేను పక్కకు తిరిగి పిడికిట్లోది ఒలిచి నోట్లో వేసుకున్నాను. చేదు.

ఆ టైము పట్టుకుని క్యాంపుకు పోయింది. నెల తిరగకుండానే వెనక్కి వచ్చి, ముళ్ళబూట్లు మేకుకు తగిలించి, "ఆఖరున వచ్చినా," అంది. అంతే. నేను అబద్ధం చెప్పి దాన్ని నలుగురిలో నగుబాటుకు పంపానని నాకు తెలుసు. ఇప్పుడది కొత్తచెరువు దగ్గర ఒక బడిలో ఆటల టీచరు. ఎన్నిసార్లు వచ్చినా ఆ సంగతి నా గొంతు దాటలేదు.

మొన్న చివరికి చెల్లెలే అంది. "ఆ పొద్దు ఒకటి తిన్నావు గదక్కా."

నీకు తెలుసా అన్నాను.

"కాళ్ళకు తెలీదా? పదేండ్లు తిరిగినా గదా ఆడ."

మరెందుకు పోయినావని అడిగాను. అది కాయ ఒలుస్తూనే చెప్పింది. "నువ్వే అబద్ధమాడినావంటే నా పని అయిపోయిందని అర్థమైంది. సారుకు నిజం చెప్పినా. ఒక్కసారి పరిగెత్తనీ సార్ అని బతిమలాడుకున్నా. ఇరవై నాలుగుతో ఆపేస్తే ఎట్లక్కా? క్యాంపులో అందరూ ముగించి నీళ్ళు తాగుతాండారు. నేనొక్కదాన్నే తిరిగినా, ఆ ఇరవై అయిదోది."

ఇన్నేళ్ళూ ఎందుకు చెప్పలేదే అన్నాను.

"నువ్వు చెప్తావేమోనని చూస్తాండా," అని, నేను పక్కన పెట్టిన ఇరవై అయిదు కాయల్లోంచి ఒకటి తీసి ఒలిచి, ఒక గింజ నా చేతిలో పెట్టింది.

దాని వాచీలో ఒక రౌండుకు నిమిషమున్నర కూడా పట్టేది కాదు. నేను దాచిన ఆ ఒక్క రౌండు నా ఒడి దిగడానికి మాత్రం పదిహేనేళ్ళు పట్టింది.