ఇంటిపేరు అడిగి సముద్రం పోగొట్టుకున్న రోజు

సముద్రం చూపిస్తానని కన్నతల్లిని ముంబై తీసుకుపోయి, పొద్దున్నుంచి సాయంత్రం దాకా కారులో తిప్పి, సముద్రం చూపించకుండానే వాపసు తీసుకొచ్చిన కొడుకు మా జిల్లాలో ఒక్కడే ఉంటాడు. వాణ్ని నేనే. సముద్రం ఆ రోజు సెలవేమీ పెట్టలేదు. దాని చోట అది బుద్ధిగానే ఉంది. తప్పంతా నా నోటిది. ఈ సంగతి తలుచుకుంటే ఇప్పటికీ నడుము పట్టేస్తుంది, అందుకని గోడకు ఆనుకుని రాస్తున్నాను. మీరు కూడా ఆనుకునే చదవండి.

సిరిసిల్లలో నాకో జిరాక్సు సెంటరు ఉంది. ఊళ్లో సగం మంది ఆన్‌లైన్ దరఖాస్తులు నా చేతుల మీదుగానే పోతాయి. దాంతో ముప్పై ఏళ్లు దాటేసరికి నాకో జబ్బు పట్టుకుంది. కంప్యూటరు ముందు కూర్చుంటే ప్రపంచంలో కాని పని లేదనుకునేవాణ్ని. సరిగ్గా ఆ జబ్బు ముదిరి ఉన్నప్పుడే తమ్ముడికి మస్కట్‌లో పని దొరికింది. వాణ్ని విమానం ఎక్కించడానికి మా అమ్మ, అంటే మా దిక్కు మాటలో అవ్వ, నేను ముంబై దాకా పోవాల్సి వచ్చింది. విమానం పొద్దున పదింటికి, వాడు ఏడింటికే లోపలికి పోవాలి. మా బస్సు సాయంత్రం ఆరున్నరకు. మధ్యలో ఒక పగలంతా ఖాళీ.

ఆ మాట వినగానే అవ్వ అడిగింది. "కొడుకా, గా చౌపాటీ గాడికి దగ్గర్నేనా?"

మా బాపు పెళ్లయిన కొత్తలో రెండేళ్లు బొంబాయి మిల్లులో పనిచేశాడు. తిరిగొచ్చాక ముప్పై ఏళ్లపాటు చౌపాటీ గురించే చెప్పాడు. సముద్రం ఒడ్డున జాతర ఉంటుందని, అక్కడ చేత్తో తిప్పే రంగులరాట్నం ఉంటుందని, దాని పైకెక్కి చూస్తే అవతలి ఒడ్డు కనబడనన్ని నీళ్లని. అవ్వ నమ్మేది కాదు. ఆమె చూసిన పెద్ద నీళ్లు ధర్మపురి దగ్గరి గోదావరి, దానికి అవతలి ఒడ్డు ఉంది. "ఒడ్డు లేని నీళ్లుంటయా? అన్నీ గీయన కోతలే" అని ముప్పై ఏళ్లూ దెప్పింది. తీసుకుపోయి చూపిస్తానని బాపు కూడా ముప్పై ఏళ్లూ అన్నాడు. చూపించకుండానే పోయాడు.

"ఒక్కసారి గా రాట్నమెక్కి జూడాలె రా," అంది అవ్వ. "మీ బాపు నిజం జెప్పిండో అబద్ధమాడిండో తెల్వకుంట పోతే నాకు మన్సున వట్టది."

ఇంతకంటే ఏం కావాలి? ఆ రాత్రే కంప్యూటరు ముందు కూర్చుని గైడుతో సహా ఒక కారు మాట్లాడేశాను. మా ఇద్దరికే కారు, మా ఇద్దరికే గైడు. ఎన్ని గంటలకు ఏం చూడాలో పట్టిక తయారుచేసి, ప్రింటు తీసి, సొంత సెంటరు కదా అని లామినేషన్ కూడా చేశాను. ఆ రోజు అనుకున్నది అనుకున్నట్టు పనిచేసింది ఆ లామినేషన్ ఒక్కటే.

తమ్ముణ్ని లోపలికి పంపి, అవ్వ కళ్లు తుడుచుకుని, ఇద్దరం టీ తాగి బయటికొచ్చేసరికి ఎనిమిదయింది. గైడు సిద్ధంగా ఉన్నాడు. పాతికేళ్ల కుర్రవాడు, ఇస్త్రీ చొక్కా, మెడలో కార్డు. కారు కూడా తనే నడుపుతాడు. పేరు రాజేష్ అన్నాడు. బండి కదిలిందో లేదో హిందీలో మొదలుపెట్టాడు. కుడివైపు ఇది, ఎడమవైపు అది, దీన్ని ఎవరు కట్టారు, దాన్ని ఎందుకు కట్టారు. గాలి పీల్చకుండా చెబుతున్నాడు.

"ఏమంటుండు రా?" అని అవ్వ నా మోచెయ్యి గిల్లింది.

నాకూ సగమే అర్థమవుతోంది. ఆ సంగతి ఒప్పుకోకుండా, "ఏం లేదవ్వా, బట్టీ వట్టిన పాఠం అప్పజెప్తుండు. వీనికే ఏం సమజైనట్టు లేదు," అన్నాను.

గైడు అద్దంలోంచి నన్ను చూశాడు. "అన్నా, నాకు తెలుగొస్తది," అన్నాడు.

ఆ క్షణంలో నా మొహం చూడాల్సింది. అవ్వ చూసింది, అందుకే నవ్వింది. ఏదో ఒకటి మాట్లాడి ఆ మాటను కప్పెయ్యాలి. మీరైతే వాతావరణం గురించి మాట్లాడి ఉంటారు. నేను మాత్రం మా దిక్కు మనిషి ఎవరు కనబడినా నోటికొచ్చే మాటే అడిగాను.

"అట్లనా తమ్మీ! మరి ఇంటిపేరేంది?"

"బూరోళ్లం అన్నా. మా తాత వేములవాడ దిక్కుకెల్లి వచ్చిండు."

వెనక సీట్లో అవ్వ లేచి నిలబడబోయి తల కారు కప్పుకు కొట్టుకుంది. ఎందుకంటే ఆమె పుట్టింటి పేరు బూర. మెట్‌పల్లి బూరోళ్లు. వేములవాడ బూరోళ్లు వేరు, మెట్‌పల్లి బూరోళ్లు వేరు అని నేను అనే లోపలే లెక్క తేలిపోయింది.

"అంటే నీ బాపు నాకు తమ్ముని వరుస. నువ్వు నా మేనల్లునివి బిడ్డా!"

రాజేష్ కారు పక్కకు ఆపాడు. దిగాడు. వెనక తలుపు తీసి అవ్వ కాళ్లు మొక్కాడు. మెడలో కార్డు తీసి జేబులో పెట్టుకున్నాడు. ఆ కార్డుతో పాటే మా గైడు పోయాడు. స్టీరింగు దగ్గరికి తిరిగొచ్చి కూర్చున్నది మా బామ్మర్ది.

"బావా," అన్నాడు నాతో, "మేనత్త బొంబాయికొచ్చి మా ఇంట్ల చాయ్ తాగకుంట పోయిందంటే మా అవ్వ నన్ను ఇంట్లకు రానియ్యది. జర భివండి పోయొద్దాం. గిట్ల పోయి గట్ల వద్దాం."

నేను లామినేషన్ చూపించాను. "బామ్మర్దీ, పదకొండింటికి గేట్‌వే..."

"గా గేటు యాడికి వోతది బావా."

"మరి కిరాయికి మాట్లాడుకున్నం గద..."

"మేనత్త దగ్గర కిరాయి దీస్కుంటనా? తూ!"

ఇక నోరెత్తడానికి లేదు. కిరాయి తీసుకోని మనిషికి పని చెప్పడం ఎట్లాగో తెలిసినవాళ్లుంటే నాకు ఉత్తరం రాయండి. సముద్రం పడమర దిక్కున ఉంది. కారు తూర్పు దిక్కున పోతోంది. అవ్వ వెనక సీట్లో కూర్చుని చచ్చినవాళ్లూ బతికినవాళ్లూ అందరి యోగక్షేమాలు అడుగుతోంది.

భివండిలో కారు దిగగానే నా చెవుల్లో పడింది సాంచెల చప్పుడు. మా సిరిసిల్లలో మరమగ్గాన్ని సాంచె అంటాం. పొద్దున లేస్తే మా ఇంటి పక్కన వినబడే చప్పుడే అది, ఒక్క దెబ్బ తేడా లేదు. రాత్రంతా బస్సులో మోకాళ్లు ముడుచుకుని వచ్చింది దీనికోసమా అనిపించింది. రాజేష్ వాళ్లమ్మ గుమ్మంలోనే అవ్వను కావలించుకుంది.

"వదినా! ఎన్నడన్న జూసినమా ఒకల్నొకలం!"

"లేదు వదినా!" అంది అవ్వ. ఇద్దరూ ఏడ్చారు. ఎన్నడూ చూడనివాళ్లు అంతగా ఎందుకు ఏడ్చారో నాకు తెలియదు. నాకూ ఏడుపొచ్చింది గానీ కారణం వేరు.

చాయ్ అయింది. సకినాలు అయ్యాయి. అప్పటికి పక్కింటావిడ వచ్చింది. ఆమెదీ మా దిక్కే. "మా ఇంటికి రాకుంట పోతే మేం పరాయోళ్లమా?" అంది. ఆమె ఇంటికి పోతే ఎదురింటాయన గేటు దగ్గరే నిలబడి ఉన్నాడు. నాలుగిళ్లు, నాలుగు చాయ్‌లు. ఐదో ఇంట్లో నెల కింద ఎవరో పెద్దాయన పోయాడట. అవ్వ చెప్పులు బయట విడిచి, కొంగు మూతికి అడ్డం పెట్టుకుని లోపలికి నడిచింది.

"అవ్వా, గాయన నీకు ఎర్కనా?" అని గుసగుసగా అడిగాను.

"ఎర్క లేకుంటే ఏడ్వద్దా? సప్పుడు జెయ్యకు."

పరామర్శకు పోయి వెంటనే లేవకూడదు. ఆ సంగతి నాకూ తెలుసు. గోడకు ఆనుకుని గంటసేపు కూర్చున్నాను. చచ్చిపోయినాయన ఫోటోలోంచి నావైపే చూస్తున్నాడు. ఆ ఇంట్లో ఆయనొక్కడే నా కష్టం అర్థం చేసుకున్నట్టు అనిపించింది.

తర్వాత మటన్ కూరతో భోజనం. భోజనం తర్వాత బొట్టు పెట్టి జాకెట్టు గుడ్డ. ఒక్కో ఇంట్లో ఒక్కో గుడ్డ. మూడున్నర అయింది. నాకు ఒళ్లు మండింది. అందరి ముందే అరిచాను. "అవ్వా! సముద్రం!"

అవ్వ ఉలిక్కిపడింది. ఆ క్షణంలో ఆమె మొహం చూసి నాకు పాపమనిపించింది. నిజంగానే మరిచిపోయింది. "అయ్యో, మీ బాపు..." అని అప్పటికప్పుడు చెప్పులేసుకుంది.

దారంతా ఆమెకు ఒకే మాట చెప్పాను. "గాడ ఎవ్వల్నీ ఏం అడగకు. ఊరడగకు, ఇంటిపేరడగకు. నీ దండం బెడత."

"నేనెందుకు అడుగుత రా? పొద్దున అడిగింది నువ్వు గద."

జుహు చౌపాటీ చేరేసరికి ఐదు దాటింది. బస్సు అందాలంటే ఐదున్నరకు బయల్దేరాలి. బండి పెట్టే చోటు లేదని రాజేష్ రోడ్డు మీదే ఉండిపోయాడు. "ఉరుకుర్రి బావా, నేను ఫోన్ జేస్త," అన్నాడు. ఇద్దరం బండ్ల మధ్యలోంచి, పిల్లల మధ్యలోంచి ఇసుకలో పడి పరుగెత్తాం. నిజంగానే ఉంది రాట్నం. నాలుగు పెట్టెల పాత ఇనుప రాట్నం. మోటారు లేదు. ఒక మనిషి కమ్మీల మీదికెక్కి తన బరువుతో కిందికి లాగుతూ తిప్పుతున్నాడు.

సముద్రం రాట్నానికి అవతల ఉంది, చప్పుడు వినబడుతోంది. అవ్వ అటు చూడకుండా కొంగు మొహం మీదికి లాక్కుంది.

"జూడవేందవ్వా? గదే సముద్రం!"

"ఈడ కింద నిలవడి నేను జూడ. మీ బాపు పైకెల్లి జూసిండు. నేను గట్లనే జూడాలె."

"అయితే ఎక్కు మరి!"

ఆమె కొంగు సందులోంచి రాట్నాన్ని కింది నుంచి పైదాకా చూసింది. ధైర్యం జారిపోయింది. "ముందుగాల నువ్వెక్కు కొడుకా. నువ్వు మంచిగ దిగితే నేనెక్కుత."

ఎక్కాను. మిగతా పెట్టెల్లో ఒక కొత్త జంట, ఇద్దరు పిల్లలు, ఒక లావుపాటి పెద్దమనిషి. రెండు చుట్లు తిరిగాం. మూడో చుట్టులో నేను పైకి పోతుండగా కింది నుంచి అవ్వ కేక వినబడింది.

"పైలం కొడుకా! గట్టిగ వట్టుకో!"

అంతే. రాట్నం ఆగింది. తిప్పే మనిషి మోకు తీసి కమ్మికి కట్టి, కిందికి దూకాడు. నేను సరిగ్గా రాట్నం నెత్తిన ఉన్నాను.

"అవ్వా, ఏ ఊరు మీది?" అన్నాడు.

నేను పైనుంచి చెయ్యి ఊపాను, చెప్పొద్దని. అవ్వ నావైపు చూడలేదు.

"సిరిసిల్ల బిడ్డా. మా తల్లిగారిది మెట్‌పల్లి."

"మెట్‌పల్లా! మెట్‌పల్లిల ఏడ? మాది పాత బస్టాండు ఎనుక!"

"అయ్యో బిడ్డా! గదే గల్లీల మా ఇల్లు!"

పుట్టింటి ఊరి మనిషి దొరికితే ఆడవాళ్లకు ఏమవుతుందో మీకు తెలుసు. గల్లీలో మొదటి ఇంటి నుంచి లెక్క మొదలుపెట్టారు. కొత్త జంట మరాఠీలో తిడుతోంది. లావుపాటాయన నన్ను తిడుతున్నాడు, కిందివాళ్ల భాష మాట్లాడేది నేనొక్కణ్నే కదా. నా జేబులో ఫోను మోగుతోంది, తీద్దామంటే రెండు చేతులూ కమ్మీని వదలడం లేదు.

"అవ్వా! బస్సు!" అని అరిచాను.

"అగో, నా పెద్దకొడుకు," అని ఆయనకు నన్ను వేలితో చూపించి, మళ్లీ మాటల్లో పడింది. ఆ ఇరవై నిమిషాలు నాకు చెయ్యడానికి వేరే పని లేదు. తల తిప్పి సముద్రం చూశాను. మీకు అబద్ధం చెప్పను, నా చిరాకంతా కాసేపు పోయింది. బాపు ఇక్కడే ఎక్కడో, పాతికేళ్ల వయసులో, కొత్త పెళ్లాన్ని ఊళ్లో వదిలొచ్చి, ఇట్లాగే ఒంటరిగా కూర్చుని చూసి ఉంటాడు. కింద అవ్వ సముద్రానికి వీపు పెట్టి నిలబడి ఉంది.

నేను దిగేసరికి రాజేష్ ఇసుకలో ఉరికి వస్తున్నాడు. "బావా, టైమైంది, నడుర్రి నడుర్రి!" అని అవ్వను ఒక చేత్తో, నన్ను ఒక చేత్తో పట్టుకుని లాక్కుపోయాడు. బస్సు కదులుతుంటే ఎక్కాం.

నాకు పట్టరాని బాధగా ఉంది. నేనే మొదలుపెట్టాను. "అవ్వా, నిన్ను తీస్కొచ్చి గూడ సముద్రం జూపియ్యలేకపోతి. తప్పు నాదే."

అవ్వ ఒళ్లోని జాకెట్టు గుడ్డలు సర్దుకుంటోంది. "నువ్వు జూసినవ్ గద?"

"జూసిన."

"పైకెల్లేనా?"

"పైకెల్లే. ఇరవై నిమిషాలు."

"మరి అవతలి ఒడ్డు కనవడ్డదా?"

"లేదవ్వా. ఏడ గూడ కనవడలే."

అవ్వ కిటికీ వైపు తిరిగింది. "అయితే నిజమే జెప్పిండు మనిషి," అంది. "ముప్పై ఏండ్లు ఉత్తగనే తిట్టిన." కొంగుతో కళ్లు ఒత్తుకుంది. నేను ఆమె చెయ్యి పట్టుకున్నాను. ఈ రోజు మొత్తానికి వృథా కాలేదని, ఒక కొడుకుగా గెలిచానని అనుకుంటూ కళ్లు మూసుకున్నాను.

"ఆ, చెప్పుడు మరిచిన," అంది అవ్వ. "గా రాట్నమాయన బిడ్డది వచ్చే నెల పెండ్లట. బొంబాయిల్నే. వారం ముందుగాలనే వస్తమని మాటిచ్చిన. రాజేష్ వాళ్లవ్వ గూడ వస్తదట."

కనక పాఠకులారా, ఈ జిరాక్సు సెంటరు బల్ల మీద చెయ్యి పెట్టి ప్రమాణం చేస్తున్నాను. కారు నడిపేవాణ్ని గానీ, దారి చూపేవాణ్ని గానీ, ఈ జన్మలో ఇంటిపేరు అడగను. వాళ్లు అడిగితే మూగవాణ్నని సైగ చేస్తాను. ఆ పెళ్లికి పోయామా అంటే పోయాం. ఎనిమిది రోజులున్నాం. పెళ్లిపందిట్లో అవ్వకు ఇంకో పదకొండు ఇండ్ల చుట్టరికం దొరికింది. సముద్రానికి పోవడం మాత్రం కుదరలేదు.