బావగారి ‘అండీ’

రాష్ట్రం రెండుగా విడిపోతుందన్న కబురు వచ్చిన ఆ రోజుల్లో మా అమలాపురంలో పని ఉన్నవాళ్ళకి పని ఆగిపోయింది, లేనివాళ్ళకి పని దొరికింది. నేను రెండో రకం. డిగ్రీ అయ్యాక ఉద్యోగం వెతుకుతున్నానని ఇంట్లో చెప్పి, గడియార స్తంభం సెంటర్లో సమైక్యాంధ్ర టెంటులో మైకు పట్టుకు కూర్చునేవాణ్ణి. నేను లేకపోతే మైకు మూగబోతుందనీ, మైకు లేకపోతే ఉద్యమం ఆగిపోతుందనీ నాకు గట్టి నమ్మకం. (మాది ఉద్యమమైనా మర్యాదగానే నడిచేది. రాస్తారోకోలో లారీ ఆపి, "ఏవనుకోకండి, కాసేపు ఆగాలండి, మజ్జిగ పుచ్చుకుంటారా?" అనేవాళ్ళం.)

సరిగ్గా అప్పుడే మా అక్క, బావగారు కువైట్ నుంచి సెలవు మీద వచ్చారు. అక్క అక్కడ నర్సు. బావగారిది కరీంనగర్ వైపు పల్లె, అదే ఆసుపత్రిలో అంబులెన్సు నడిపేవారు. ఇద్దరూ ఇష్టపడి పెళ్ళి చేసుకున్నారని నాన్న చాలాకాలం అక్కతో మాట్లాడనేలేదు. అమ్మ పోరగా పోరగా మెత్తబడ్డారు. ఐనవిల్లి దగ్గర మా ఇంటి గడప అల్లుడు తొక్కడం అదే మొదలు. "ఒరేయ్ తమ్ముడూ, నాన్నకి ఈయన నచ్చాల్రా. నచ్చకపోతే ఇంక నేనీ గుమ్మం ఎక్కలేను," అని అక్క నా చెయ్యి పట్టుకుంది. "ఆయ్, నేనున్నాను కదే!" అన్నాను.

వచ్చిన పూటే బావగారు, కొబ్బరికాయల బస్తా ఎత్తుకోబోతున్న నాన్నకి ఎదురెళ్ళి, "నువ్ కూసో మామా, నేన్ తెస్త," అన్నారు. పక్కింటి అరుగు మీద మాటలు ఆగిపోయాయి. పిల్లనిచ్చిన మామగారిని నువ్వనడమా! (గేదెని కూడా మేము ‘ఇటు రండి’ అంటామని బయటివాళ్ళు వెక్కిరిస్తారు గాని, అంత లేదు. దూడల్ని నువ్వనే అంటాం.) అమ్మ వంటింట్లో అక్కని నిలదీసింది. "వాళ్ళూళ్ళో కన్నతండ్రిని కూడా నువ్వనే అంటారే అమ్మా. అండీలూ గిండీలూ పరాయివాళ్ళకి," అంది అక్క. అది విన్న నాన్న మర్నాటి నుంచి తోటకి వెళ్తే అల్లుణ్ణి వెంటబెట్టుకెళ్ళడం మొదలుపెట్టారు. కొన్నాళ్ళకి, పొద్దున్నే "మామా" అన్న పిలుపు వినబడితే గాని ఆయనకి కాఫీ దిగేది కాదు. అక్క మొహం విప్పారింది. నన్ను కూడా బావగారు "ఏం బామ్మర్దీ, తిన్నవా?" అని భుజమ్మీద చరిచి పలకరించేవారు.

ఇంతలో సెంటర్లో వంటావార్పు పెట్టాం. రోడ్డు మీదే పొయ్యిలు, గుండిగల్లో పులిహోర. నేను మైకులో, "తెలుగువాళ్ళందరం ఒక్కటేనండీ! ఒక్క కంచంలో తిన్న అన్నదమ్ములమండీ!" అని గొంతు చించుకుంటున్నాను. టెంటుకి పెద్ద అయిన డ్రిల్లు మాస్టారు నా చెవి దగ్గరికొచ్చి, "జనం పులిహోర వంక చూస్తున్నారు గాని నీ వంక చూట్టం లేదబ్బాయ్. కాస్త నవ్వించవయ్యా," అన్నారు. ఎగదోస్తే ఒళ్ళు తెలియని వయసు. "మా ఇంటికే ఒకాయన వచ్చేరండి. మామగారితో ఎలా మాట్టాడతారో తెల్సాండీ?" అని, నడుం మీద చెయ్యేసి, గొంతు సాగదీసి, "ఓ మామా! నువ్ కూసో!" అన్నాను. సెంటరంతా గొల్లుమంది. "ఇంకోసారి!" అన్నారు. ఇంకోసారి అన్నాను, ఇంకాస్త సాగదీసి. అప్పుడు కనబడ్డారు, పులిహోర వరసలో నాన్న, పక్కనే విస్తరాకు పట్టుకుని బావగారు. మావాడు మైకులో బాగా మాట్లాడతాడు, చూద్దువు గాని రమ్మని నాన్నే ముచ్చటపడి తీసుకొచ్చారట. అందరూ నవ్వుతున్నారని బావగారూ నవ్వుతున్నారు. నాన్న మాత్రం నేల చూస్తున్నారు. ఆ నవ్వు గుర్తొస్తే ఇప్పటికీ సిగ్గుతో చచ్చిపోతాను.

ఆ సాయంత్రం బావగారు పెరట్లో నాన్న చేతిలో బిందె అందుకుంటూ, ఒక్కో మాటే కూడబలుక్కుని, "మీరు కూర్చోండి మామయ్యగారూ, నేను తెస్తానండీ," అన్నారు. అమ్మ పొంగిపోయింది. "అల్లుడుగారు మన మాట పట్టేసేరు!" అంది. అక్క చేతిలో గరిటె కింద పెట్టి పెరటి గుమ్మం దాకా వచ్చి, నా వంక ఒక్క చూపు చూసి లోపలికి వెళ్ళిపోయింది. నాన్న నన్ను పక్కకి పిలిచి, "రాష్ట్రాన్ని కలిపుంచుతానని బయల్దేరి, ఇంట్లో కలిసినోణ్ణి విడగొట్టేవు కదరా!" అన్నారు. బావగారి దగ్గరికి వెళ్ళి తప్పైపోయిందన్నాను. "అయ్యో, దాన్దేముందండీ," అన్నారాయన. నాలుగు తిట్టినా బాగుండేది.

రాష్ట్రం నా మైకుని లెక్కచెయ్యకుండానే విడిపోయింది. అక్కా బావగారూ సెలవులకి వస్తూనే ఉన్నారు, ఏ లోటూ లేదు, ‘మామా’ ఒక్కటే లేదు. మొన్న వాళ్ళ ఊళ్ళో కొత్తింటి గృహప్రవేశానికి వెళ్ళాను. వాళ్ళ నాన్న నన్ను చూస్తూనే, "కూసో బిడ్డా, నువ్ మనోనివే," అన్నారు. నాకు ప్రాణం లేచొచ్చింది. అంతలో బావగారు నీళ్ళ క్యాను మోసుకొస్తుంటే, దారంతా నేర్చుకున్న మాట ధైర్యం చేసి అనేశాను. "నువ్ కూసో బావా, నేన్ తెస్త." ఈసారి వెక్కిరింపు కాదు. ఆయన ఆగి, నా మొహంలోకి చూసి, మెత్తగా నవ్వారు.

"వద్దండీ. మీరు చుట్టాలు కదా, కూర్చోండి."

"ఆయ్," అని కూర్చున్నాను.