మోటారు చప్పుడు అనుకున్నాను

నాందేడ్‌లో నేను సినిమాలు తీస్తానంటే, మీ టీమ్ ఎంతమంది అని అడుగుతారు. కెమెరా, మైకు, ఎడిటింగ్, మరాఠీ సబ్‌టైటిళ్లు, అన్నీ నేనే. పెళ్లి వీడియోలతో ఇల్లు గడుస్తుంది. మిగిలిన రోజులు నా సినిమాకు.

మూడేళ్ల కిందట కుండల్‌వాడి దాటాక, మంజీర ఒడ్డున ఇసుక తవ్వకాల మీద ఒకటి మొదలుపెట్టాను. అక్కడ ఒంటరిగా సేద్యం చేసుకునే ఒక పెద్దామె తన బావి ఎలా ఎండిపోయిందో చెప్పింది. లారీలు ఎవరివో, ఏ దారిన పోతాయో కూడా చెప్పింది. చుట్టూ పత్తి, మధ్యలో కంది సాళ్లు. మేమిద్దరమే ఉన్నామనుకున్నాను. ఆ ఫుటేజీ ఎవరికీ చూపలేదు.

నెల తర్వాత అటు నుంచే ఒక పుట్టినరోజు ఆర్డరు వచ్చింది. కేకు కోయడం అయ్యాక ఇంటి యజమాని నన్ను కూర్చోబెట్టి, తనే టీ అందించాడు. అటువైపు అక్కను తాయి అంటారు.

"తాయి, పని మంచిగ చేస్తవు. ఆ ముసలామె 'నా బాయి నీళ్లు లారీలెక్కి పోయినయి' అన్నది చూడు, ఆ ముక్క తీసెయ్యి. బాగుండది."

ఆమె అన్న మాటే, అక్షరం పొల్లుపోలేదు. నవ్వుతూనే అన్నాడు.

ఇంటికొచ్చి హెడ్‌ఫోన్స్ పెట్టుకుని ఆ ముక్కే మళ్లీ మళ్లీ విన్నాను. ఆమె మాటల వెనక సన్నగా ఇంజన్ చప్పుడు. తీసేటప్పుడు పక్క చేనులో మోటారు అనుకున్నాను. బావులన్నీ ఎండిన చోట మోటారెక్కడిది? సౌండు పెంచితే ఎవరో దగ్గడం కూడా వినిపించింది.

మర్నాడు జీపెక్కి ఆమె దగ్గరికి పోయాను. జరిగింది చెప్పి, ముఖం కనబడకుండా చేస్తానన్నాను. ఆమె పత్తి ఏరడం ఆపలేదు.

"నాకెరుకే బిడ్డా. కంది సాళ్ల ఎనక లారీలోళ్ల మనుషులు బండి మీద కూసున్నరు. నువ్వు కెమెరా దిక్కు చూస్తున్నవు, నేను వాళ్ల దిక్కు చూసిన."

"మరి నాకెందుకు చెప్పలేదు?"

"చెప్తే ఆపుతుంటివి. వాళ్లు ఇనాల్ననే జర గట్టిగ మాట్లాడిన. నా ముఖం ఉండనియ్యి."

ఉంచాను. ఎండాకాలంలో వాళ్ల ఊళ్లోనే ఒక గోడ మీద సినిమా వేశాం. ఆమె ముందు వరసలో కూర్చుంది. నలుగురు మగవాళ్లు చివరిదాకా నిలబడే చూసి వెళ్లారు. వారం తిరగకుండా ఆమె ఎద్దుల కొట్టం కాలిపోయింది. ఎద్దులు మేతకు పోయి ఉండబట్టి బతికాయి. పంచనామాలో కారణం షార్ట్ సర్క్యూట్ అని రాశారు. ఆ కొట్టానికి కరెంటే లేదు.

అటువైపు ఆర్డర్లు ఆగిపోయాయి. ఆమె మాత్రం ఆదివారాలు ఫోన్ చేస్తుంది. పోయినసారి కాసేపు పంట సంగతి మాట్లాడి, "ఈమధ్య రాత్రిళ్లు కుక్కలు మొరుగుతలేవు బిడ్డా. వచ్చెటోళ్లకు అలవాటు పడ్డట్టున్నయి" అన్నది.

నా దగ్గరికి వచ్చి కొన్నాళ్లు ఉండమన్నాను. పత్తి ఏరేదుంది, రానని ఫోన్ పెట్టేసింది.