మా తోటికోడలి టైం డబ్బీ

అన్నదమ్ములిద్దరూ ఒకే బోటు మీద పనిసేస్తారు. అన్న నాకు మొగుడు, తమ్ముడు మా తోటికోడలికి మొగుడు. మా ఊరి మగోళ్ళందరిలాగే శ్రావణం ఎల్లగానే గుజరాతు బోట్ల మీదకి ఎల్లిపోతారు, మళ్ళీ ఎండలు ముదిరాకే వస్తారు. కిందటి ఎండల్లో వచ్చినప్పుడు నా మొగుడు నాకు టార్చిలైటు తెచ్చినాడు. మా మరిది ఆడి పెళ్ళానికి టైం డబ్బీ తెచ్చినాడు. ఒకే బోటు, ఒకే జీతం, ఒకే బజారు. అంత బజారులో నా మొగుడి కంటికి టార్చిలైటే ఆనినాది.

ఆ డబ్బీ సబ్బుపెట్టంత ఉంటాది. పక్కన ఒక సక్రం. సేత్తో పట్టుకుని సక్రం ముందుకి తిప్పితే, తిప్పినోళ్ళకి పూటంతా రెప్పపాటులో ఎల్లిపోతాది, ఎక్కువ తిప్పితే రోజులకి రోజులే. మనకి మాత్రం పూట పూటలాగే ఉంటాది. ఆ మనిషి గోడకి సేరబడి, కళ్ళు తెరుసుకునే బొమ్మలాగ కూసుంటాది. ఆకలుండదు, దాహముండదు. బుజం పట్టి కుదిపితే ఎంటనే ఈ లోకంలో పడతాది. ఎనక్కి తిప్పితే ఇంకోరకం. తిప్పినోళ్ళకీ, ఆళ్ళ ఒళ్ళో ఉన్నోళ్ళకీ ఆకలిదప్పులు లేకుండానే నెలలకి నెలలు సాగుతాది, బయటున్న మనకి పది నిమిషాలు కూడా అవదు. ఎనక్కి తిప్పే అవసరం మా తోటికోడలికెప్పుడూ రాలేదు. మొగుడు దేశాలు పట్టి తిరుగుతుంటే రోజు ఎప్పుడైపోతాదా అని సూస్తాం గానీ, ఇంకా సాగమని ఎవరడుగుతారు?

నాకు కుళ్ళు. దాపరికమేటి, కడుపు రగిలిపోయేది. బోటు నడిసముద్రంలో ఉన్నన్నాళ్ళూ ఫోను కలవదు. ఒక్కోసారి ఇరవై రోజులు. గాలి గట్టిగా వీసినా నాను గుమ్మంలోకొచ్చి సముద్రంకేసి సూస్తాను. అదేమో పూటపూటకీ సక్రం తిప్పుతాది, నాలుగుసార్లు కళ్ళు మూసి తెరిసేసరికి దాని మొగుడి ఫోను మోగుతాది. నాను ఒక్కో గంటా మోసుకుంటూ రావాల.

పోనీ ఊరకే కూసుందామంటే పనెవరు సేస్తారు? మేం ఇసకలో నెత్తళ్ళ సేపలు ఎండబెడతాం. ఒకరు తిరగేస్తూ కాకుల్ని తోలుతుంటే, ఇంకొకరు ఎండినయి ఆటోలో నౌపడ సంతకి పట్టుకెల్లి అమ్ముకొస్తాం. అది డబ్బీ పట్టుకు కూసుంటే రెండు పనులూ నా నెత్తిమీదే. వాటితోపాటు దాని పిల్ల కూడా.

పిల్లకి అప్పటికి తొమ్మిదో నెల. నాకు పెళ్ళయి పదకొండేళ్ళు, కడుపు పండలేదు. మొదట్లో ఇసుక్కుంటూనే సంకనేసుకున్నాను. అన్నం మెత్తగా పిసికి పెడితే తినేది. నిద్దరొస్తే నా మెడలో మొహం దూర్చేది. నాలుగు రోజులయ్యేసరికి, వాళ్ళమ్మ ఎప్పుడు తిప్పుతాదా అని నానే ఎదురుసూడ్డం మొదలెట్టినాను.

ఆ తరవాత నానే ఎగదోసినాను. ఇది సెప్పుకోడానికి సిగ్గుగానే ఉన్నాది. అది పూటకే తిప్పుకునేది. పూట ఏటే, ఫోనొచ్చే రోజుదాకా తిప్పేసుకో, పిల్లని నాను సూసుకోనా, నీకెందుకీ ఏడుపు అన్నాను. పిచ్చిది, నా రెండు సేతులూ పట్టుకుని, నీలాంటి అక్క ఏ జన్మలో సేసుకున్న పున్నెమో అన్నాది.

అలాగ ఒకసారి అది పద్దెనిమిది రోజులకి తిప్పుకుని పెరటి అరుగు మీద కూసున్నాది. ఐదో రోజు పొద్దున్న నాను నెత్తళ్ళు తిరగేస్తుంటే, పిల్ల గోడ వదిలేసి నాకేసి మూడడుగులేసినాది. ఇసకలో బొక్కబోర్లా పడి, లేసి, మళ్ళీ ఏసినాది. నా కాళ్ళు సుట్టేసుకున్నాది.

మాలో పిల్లలకి అడుగులొస్తే అరిసెలు సెయ్యాల. అరిసెల మీద పిల్లని నడిపించి వీధంతా పంచాల. అది తల్లి సెయ్యాల్సిన పని. నాకు తెలీదా? అరుగు దగ్గరికెల్లి దాని బుజం మీద సెయ్యేసినాను. కుదిపితే సరిపోను. సెయ్యి తీసేసినాను.

బియ్యం నానబోసినాను. మర్నాడు దంచి, పిండి జల్లించి, బెల్లం పాకం పట్టినాను. అరిసెలంటే నిమిషంలో అయ్యే పని కాదు కదా. అన్నాళ్ళూ దాన్ని కుదపడానికి నాకు తీరికే దొరకనట్టు తిరిగినాను. పిల్లని నానే నడిపించినాను, నానే పంచినాను. తల్లేదే అని ఒకామె అడిగితే, పడుకున్నాదన్నాను. ఆ వారంలోనే పిల్ల నన్ను అమ్మా అన్నాది. నాను దిద్దలేదు. ఇంకోసారి అనమని అడిగినాను.

పద్దెనిమిదో రోజు అది కళ్ళు నులుముకుంటూ లేసినాది. డబ్బాలో మిగిలిన అరిసె తీసి కొరుకుతూ, ఏటి పండగ సేసినావక్కా అని నవ్వినాది. అప్పుడే పిల్ల వీధిలోంచి తప్పటడుగులేసుకుంటూ వచ్చి, అమ్మా అని నా సీర పట్టుకున్నాది.

దాని నోట్లో అరిసె అలాగే ఉండిపోనాది.

"ఇవి దీని అడుగులకేనా?"

అవునన్నాను.

"నన్ను కుదపలేదేటి?"

"నీ మొగుడు నిన్నే సూసుకుంటాడు, పిల్లా నీకే పుట్టినాది, ఆ డబ్బీ నీకే వచ్చినాది. నాకేటున్నాదే?" అన్నాను.

అది తిడతాదనుకున్నాను. జుట్టు పట్టుకుంటాదనుకున్నాను. అదేం సెయ్యలేదు. పిల్లని ఎత్తుకున్నాది. పిల్ల నాకేసి సేతులు సాపి గుక్కపట్టి ఏడిసినాది. అబద్ధమెందుకు, ఆ ఏడుపు ఇంటే నాకు సల్లగా ఉన్నాది. ఏడవనీ, ఎంతసేపు ఆపుతాదో సూద్దాం, అదే తెచ్చి నా సేతిలో పెడతాది అనుకున్నాను. అది పిల్లనీ డబ్బీనీ పట్టుకుని లోపలికెల్లి గడియ పెట్టుకున్నాది. సక్రం టకటకమని తిరిగినాది. ఎనక్కి తిరిగే ఆ సప్పుడు నానెప్పుడూ ఇనలేదు. ఏడుపు టక్కున ఆగిపోనాది.

నాను పోయి నెత్తళ్ళు తిరగేస్తన్నాను. ఒక వరసైనా అవలేదు, తలుపు తీసినారు.

మా తోటికోడలి మొహం పీక్కుపోయి ఉన్నాది. ఒక్క రోజు మొగుడి కోసం ఎదురుసూడలేని మనిషి, ఆ గదిలో ఎన్ని నెలలు కూసున్నాదో. పక్కన పిల్ల దాని వేలు పట్టుకుని నిలబడ్డాది. లోపలికెల్లినప్పుడు రెండే పళ్ళు. ఇప్పుడు నోటినిండా పళ్ళు. జుట్టు బుజాల దాకా దిగినాది. ఏసుకున్న గౌను బొడ్డు దాటలేదు. ఆ పళ్ళొక్కటీ నాను సూడలేదు. ఒక్క మాటా నా దగ్గర నేర్సుకోలేదు.

నాను గబగబా సేతులు కడుక్కుని సాపినాను. పిల్ల వాళ్ళమ్మ మొహంలోకి సూసినాది. అది తలూపి, ఎల్లమన్నాది. పిల్ల బెదరకుండా, తడబడకుండా నడిసొచ్చి నా ముందు ఆగినాది. ఎవరో సెప్పగా ఇన్న మనిషిని సూసినట్టు నన్ను కిందనుంచి మీద దాకా సూసినాది.

"నువ్వేనా మా పెద్దమ్మవి?" అని అడిగినాది.

నానేనన్నాను.