మట్టి దుర్యోధనుడి గుండెల మీద

నేను చెప్పేవాటిలో సగం కోతలని మావాళ్లందరికీ తెలుసు. ఇది రెండో సగంలోది.

మా ఊరు పొదటూరుపేటలో పంచాయతీ ప్రెసిడెంటు తవ్వించిన బావి మీద నేనొక ఎకసెక్కపు పద్యం కట్టాను. బావిలో నీళ్లు పడలేదు గాని పద్యం మాత్రం ఊరంతా పారింది. పెద్దలు కూర్చుని తీర్పు చెప్పారు: ప్రెసిడెంటును పొగుడుతూ పద్యాలు రాసి, నలుగురిలో చదివేదాకా ఊళ్లో కాలు పెట్టకూడదు. అలా పెళ్లాన్ని పుట్టింట దించి, కే.జీ.కండిగైలో అక్కగారింట్లో వేరుశెనగ మూటల గదిలో పడ్డాను. కిటికీలోంచి మా ఊరి బస్సు రోజుకు నాలుగుసార్లు కనిపించేది. నాలుగు నెలలైనా పొగడ్త ఒక్క పాదం రాలేదు. పొగడ్త సరే, తిట్టు కూడా రావడం మానేసింది. అదీ నా భయం.

ద్రౌపదమ్మ తిరునాళ్ల చివరి రోజు పొద్దున బావ నన్ను తిరుత్తణికి లాక్కుపోయాడు. మైదానంలో మట్టి దుర్యోధనుడు వెల్లకిలా పడుకుని ఉన్నాడు. అరవై అడుగులు. బావ కొలతలో నలభై. దాని మీద దుర్యోధన వేషం కట్టిన ముసలాయన: రెక్కల్లాంటి చెక్క భుజకీర్తులు, కిరీటం, గజ్జెలు. భీముడు తొడ మీద కొట్టేదాకా అతను బొమ్మ దిగకూడదు, అది ఆచారం. ఎటు పరిగెత్తినా అటు తల, ఇటు కాళ్లు, అంతే చోటు. ఆ ఇరుకులో ఆ ముసలాయన బొమ్మ గుండెల మీద గిర్రున తిరుగుతుంటే నాకు ఊపిరాడలేదు.

"సచ్చేవోడికి ఇంత కుశాలేందిరా బామ్మర్దీ!" అన్నాడు బావ.

ఆట ముగిశాక సోడా తాగుతున్న వేషగాణ్ణి అడిగాను. "కాళ్లు నొయ్యలేదా అన్నా?"

"నిలబడితే నొస్తాయి సామీ. ఆడతా ఉంటే తెలీదు. దిగే దోవ యాడుండాది?"

ఇంటికొచ్చి మూటల మీద కూర్చుని పన్నెండు పద్యాలు రాశాను. అవి ప్రెసిడెంటు మీదేననుకుని అక్క సంబరపడి ఊరికి కబురంపింది. మర్నాడు పెద్దల తరఫున నాకు పిల్లనిచ్చిన మామే వచ్చాడు. కళ్లు మూసుకుని పన్నెండూ విన్నాడు.

"బాగుండాయబ్బా. ఇందులో ప్రెసిడెంటు యాడ?"

"లేడు మామా. అంతా ఆ ఆటగాడే."

"ఇంగోసారి యెతుకు, యాడన్నా ఉంటాడేమో. నా బిడ్డ దోవ చూస్తా ఉండాది."

'ఆటగాడు' కొట్టేసి 'ప్రెసిడెంటు' అని దిద్దితే సాయంత్రానికి ఇంట్లో ఉంటాను. పెన్ను మూత తీశాను కూడా. ఆ గజ్జెల కాళ్లు గుర్తొచ్చాయి. మూత మళ్లీ పెట్టేశాను.

మామ ఎక్కిన బస్సు కిటికీలోంచి కనిపించింది. ఆ రోజుకు అదే ఆఖరుది.

బయట బావ గొంతు: "ఏమే, ఆ మూటలు కొంచెం అవతలికి జరుపు. మీ తమ్ముడు ఇప్పట్లో దిగేట్టు లేడు."