కాగితంలో లేని నా పేరు

కంప్యూటర్ కోర్సుల కోసం ఊళ్లకు ఊళ్లు అమీర్‌పేటకు తరలివస్తున్న రోజులవి. అక్కడో సందులో నాది చిన్న టైలరింగ్ షాపు. ఓనరుకూ ఆయన తమ్ముడికీ ఆ బిల్డింగ్ మీద ఏళ్లుగా కోర్టు కేసు. అన్నదమ్ముల పంచాయితీ నాకెందుకులే అనుకున్నాను.

ఓ మధ్యాహ్నం, తీర్పులు అమలు చేసే కోర్టు అమీనా ఓ కాగితం, తాళంకప్పతో వచ్చాడు.

"తమ్ముడు గెలిచిండమ్మా. షాపు ఖాళీ చెయ్యి."

"గా కాగితంల నా పేరున్నదా?"

"లేదు."

"మరి నన్నెవరు అడిగిన్రు? పదేండ్ల సంది కిరాయికున్న!"

కుట్టుమిషన్ని తలుపుకు అడ్డంగా లాక్కుని కూర్చున్నాను. సందంతా గుమిగూడింది. సిగ్గుతో చచ్చిపోయాను కానీ లేవలేదు. మర్నాడు పంజాగుట్టలో ఇంటర్వ్యూకు వెళ్లాల్సిన హాస్టల్ పిల్లల చుడీదార్లు లోపలున్నాయి. వాళ్లకేం సంబంధం ఈ కొట్లాటతో?

అమీనా తల గోక్కుని, "నువ్వన్నది రాస్త. జడ్జిగారికి చెప్పుకో" అని, రాసుకొని వెళ్లిపోయాడు.

వారం తర్వాత కోర్టులో జడ్జిగారు, "మీరేం చెబుతారమ్మా?" అన్నారు. అన్నేళ్ల కేసులో నన్నొకరు అడగడం అదే మొదలు. కిరాయి రసీదులు చూపించాను. నా సంగతి తేలేదాకా తాళం వేయొద్దన్నారు. చివరికి కిరాయి తమ్ముడికి కట్టేలా, షాపు నాకే ఉంచారు.

ఇప్పటికీ మిషన్ తలుపు దగ్గరే ఉంటుంది. వెలుతురు కోసమని అందరికీ చెబుతాను.